గేమ్ బాక్సు మూత విప్పే ముందు

శనివారం సాయంత్రం అమెరికాలో ఏ తెలుగు ఇంట్లో పాట్‌లక్ జరిగినా దృశ్యం ఇంచుమించు ఒకటే. పెద్దవాళ్లు వంటగదిలో చేరి ఇళ్ల వడ్డీ రేట్లు, వీసా స్టాంపింగ్ తేదీలు మాట్లాడుకుంటుంటారు. పిల్లలు బేస్‌మెంట్‌లో టీవీ ముందు ఉంటారు. బిర్యానీ చల్లారిపోతోంది రమ్మని కేకేసినా ఒక్కరూ పైకి రారు. ఎందుకంటే ఆ పూట వచ్చిన పిల్లల్లో ఒకడి దగ్గర ఉన్నది మామూలు నింటెండో స్విచ్ కాదు, ‘మోడ్’ చేసిన స్విచ్. అందులో రెండు మూడు కాదు, వందల ఆటలు. ఒక్కదానికీ డబ్బు కట్టలేదు. తిరిగి ఇంటికి వెళుతుంటే కారు వెనక సీటు నుంచి ప్రశ్న వస్తుంది: ‘‘నాన్నా, మనది కూడా అలా చేయిద్దామా? ఫ్రీగా వస్తుంటే అరవై డాలర్లు పెట్టి కొనడం ఎందుకు?’’

ఈ ప్రశ్నకు చాలామంది తల్లిదండ్రుల దగ్గర జవాబు ఉండదు. కొందరు ‘ఆ గొడవలు మనకొద్దు’ అని మాట దాటేస్తారు. కొందరు ‘సమ్మర్‌లో ఇండియా వెళ్లినప్పుడు చూద్దాంలే, అక్కడ ఎవరో లోడ్ చేసి ఇస్తారట’ అంటారు. ఈ రెండూ జవాబులు కావు. మొదటిది పిల్లవాడి తెలివిని చిన్నబుచ్చుతుంది. రెండోది వాడి చేతికి తప్పుడు తాళం ఇస్తుంది. ఇందులో మన ఇంటి పరువు, కొన్నిసార్లు మన వీసా కూడా ముడిపడి ఉన్నాయి కాబట్టి ఈ సంగతి కాస్త నిదానంగా మాట్లాడుకోవాలి.

ముందు మన సంగతి మనం ఒప్పుకుందాం. తొంభైలలో విజయవాడలోనో వరంగల్‌లోనో పెరిగిన తరం మనది. గంటకు ఇంత అని కట్టి వీడియో గేమ్ ఆడుకున్నాం. పసుపు రంగు కేసెట్ మీద 9999 ఆటలని రాసి ఉంటే నిజంగా అన్నీ ఉన్నాయని నమ్మి, పదో ఇరవయ్యో ఆటలు మళ్లీ మళ్లీ తిరగేశాం. తర్వాత ప్లేస్టేషన్ 2 వచ్చాక దానికి ‘చిప్ వేయించి’ బజారులో కాపీ డిస్కులు కొన్నాం. అసలు డిస్కు అనేది ఒకటి ఉంటుందని, దాన్ని తయారు చేసినవాళ్లకు ఆ డబ్బు చేరాలని మనకు ఎవరూ చెప్పలేదు. చెప్పినా కొనే స్తోమత చాలా ఇళ్లలో లేదు. ఆ అలవాటు సముద్రం దాటి మనతోపాటే వచ్చింది. కానీ ఇక్కడ చట్టం వేరు, మన స్తోమత వేరు, మన మీద ఉండే కన్ను కూడా వేరు.

తాళం ఎలా తెరుచుకుంటుంది?

గేమ్ కన్సోల్ అంటే తాళం వేసిన కంప్యూటర్. తయారీ సంస్థ సంతకం ఉన్న ప్రోగ్రామ్ తప్ప మరేదీ అందులో నడవకూడదన్నదే ఆ తాళం. ‘మోడ్’ చేయడమంటే ఆ తాళాన్ని దాటడం.

2006లో వచ్చిన నింటెండో వీ ఇందుకు మంచి ఉదాహరణ. పది కోట్లకు పైగా అమ్ముడుపోయిన ఆ యంత్రం తాళాన్ని 2008లో కొందరు ఔత్సాహికులు ఒక గుర్రం పేరుతో తెరిచారు. ‘జెల్డా: ట్విలైట్ ప్రిన్సెస్’ ఆటలో కథానాయకుడి గుర్రానికి మనకు నచ్చిన పేరు పెట్టుకోవచ్చు. ఆట దాచుకునే ఫైలులో ఆ పేరును ఉండాల్సిన దానికంటే పొడవుగా రాస్తే, అది చదివే సమయంలో మెమరీ పొంగి, వీళ్లు రాసిన కోడ్ నడవడం మొదలైంది. సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేసే మన పాఠకులకు ఇది బఫర్ ఓవర్‌ఫ్లో అని ఇట్టే అర్థమవుతుంది. ఇంజినీరింగ్ పాఠంగా చూస్తే అందమైన పని అది. ఆ దారిలో ‘హోమ్‌బ్రూ’ అనే సొంత ప్రోగ్రాములు వచ్చాయి. వీలో డీవీడీ సినిమాలు చూడగలిగారు. అభిరుచి కొద్దీ రాసిన చిన్న చిన్న ఆటలు నడిపారు.

అదే తలుపు గుండా రెండో గుంపు కూడా వచ్చింది. ఇంటర్నెట్ నుంచి దించుకున్న ఆటల ఫైళ్లను వీ లోపలి మెమరీలోకి ఎక్కించడం మొదలైంది. ఆ మెమరీ మొత్తం 512 మెగాబైట్లే. యంత్రాన్ని నడిపే వ్యవస్థ కూడా అందులోనే ఉంటుంది. తప్పుడు ఫైలు ఒక్కటి ఎక్కితే వీ మళ్లీ లేవదు. దాన్నే ‘బ్రిక్’ అయిందంటారు. నిన్నటిదాకా ఆడిన పెట్టె నేడు ఇటుకతో సమానం.

2017లో వచ్చిన స్విచ్ కథ కూడా దాదాపు ఇదే. అందులోని ఎన్విడియా టెగ్రా చిప్‌లో, యంత్రం లేవగానే చదివే మొదటి కోడ్‌లోనే లోపం ఉందని 2018 ఏప్రిల్‌లో బయటపడింది. ఆ కోడ్ చిప్‌లో చెక్కి ఉంటుంది కనుక అప్‌డేట్ పంపి సరిచేయడానికి వీల్లేదు. ఆ ఏడాదే నింటెండో చిప్‌ను మార్చింది. అందుకే తర్వాత వచ్చిన స్విచ్‌లకు లోపల చిన్న మోడ్‌చిప్‌ను సోల్డరింగ్ చేయాల్సి వస్తోంది. వెంట్రుకంత సన్నని తీగలతో చేసే ఆ పనిలో చెయ్యి వణికితే మూడు వందల డాలర్ల యంత్రం చెత్తబుట్ట పాలు.

ఒకే పేరు.. మూడు పనులు

‘మోడ్ చేయడం’ అన్న ఒక్క మాట కింద మనం మూడు వేర్వేరు పనులను కలిపేస్తున్నాం. గందరగోళమంతా అక్కడే ఉంది.

మొదటిది, సొంత డబ్బుతో కొన్న యంత్రాన్ని విప్పి, అది ఎలా పనిచేస్తుందో చూసి, సొంతంగా రాసిన ప్రోగ్రామ్ నడపడం. రెండోది, ఎవరో కాపీ చేసి పెట్టిన ఆటలను దించుకుని అందులో ఎక్కించడం. మూడోది, ఇతరుల యంత్రాలను డబ్బు తీసుకుని మార్చి ఇవ్వడం, లేదా ఆటలు నింపి అమ్మడం. నైతికంగా ఈ మూడింటి మధ్య ఎంతో దూరం ఉంది. మొదటిది జిజ్ఞాస, రెండోది కక్కుర్తి, మూడోది వ్యాపారం.

చట్టం మాత్రం మొదటి మెట్టు నుంచే అడ్డుపడుతుంది. 1998లో అమెరికా చేసిన డిజిటల్ మిలీనియం కాపీరైట్ చట్టంలోని 1201వ సెక్షన్ ప్రకారం, కాపీరైట్ ఉన్న కృతికి రక్షణగా వేసిన డిజిటల్ తాళాన్ని దాటడమే తప్పు. మీరు కొన్న పెట్టె మీదే కావచ్చు, దాని తాళం మీది కాదు. కొన్ని పనులకు మూడేళ్లకోసారి మినహాయింపులు ఇస్తారు. 2010లో స్మార్ట్‌ఫోన్ జైల్‌బ్రేక్‌కు మినహాయింపు దొరికింది. 2012లో గేమ్ కన్సోళ్లకూ అదే అడిగితే తిరస్కరించారు. పైరసీ పెరుగుతుందన్న వాదనే అక్కడ గెలిచింది. 2021లో మాత్రం పాడైన డిస్క్ డ్రైవ్‌ను బాగుచేసుకోవడం వరకు అనుమతించారు, అదీ పని అయ్యాక తాళం మళ్లీ యథాస్థానంలో పెట్టాలన్న షరతుతో.

లెక్కలు చూద్దాం. తాళం దాటినందుకు దావా పడితే ఒక్కో చర్యకు 200 నుంచి 2,500 డాలర్ల దాకా కోర్టు పరిహారం వేయవచ్చు. ఆట కాపీ చేసినందుకైతే ఒక్కో ఆటకు 750 నుంచి 30,000 డాలర్లు. తెలిసి చేశారని తేలితే ఒక్కోదానికి లక్షన్నర డాలర్ల దాకా. వందల ఆటలున్న ఆ బేస్‌మెంట్ స్విచ్‌ను ఈ లెక్కతో గుణించి చూడండి. ఇంట్లో కూర్చుని ఆడుకునే పిల్లవాడి మీదికి సంస్థలు సాధారణంగా కోర్టుకు వెళ్లవన్నది నిజమే. కానీ లాభం కోసం చేస్తే లెక్క మారుతుంది. అప్పుడది క్రిమినల్ నేరం. మొదటిసారికే అయిదేళ్ల దాకా జైలు, అయిదు లక్షల డాలర్ల దాకా జరిమానా పడవచ్చు.

ఇవి కాగితం మీది మాటలు మాత్రమే కావు. స్విచ్ తాళాలు తెరిచే పరికరాలు అమ్మిన ‘టీమ్ ఎగ్జిక్యూటర్’ ముఠాలో ఒకడైన కెనడా పౌరుడు గ్యారీ బౌసర్‌కు 2022 ఫిబ్రవరిలో సియాటిల్ ఫెడరల్ కోర్టు 40 నెలల జైలు శిక్ష వేసింది. క్రిమినల్ కేసులో 45 లక్షల డాలర్లు, సివిల్ కేసులో కోటి డాలర్లు నింటెండోకు చెల్లించాల్సిందన్నారు. అదేదో అంతర్జాతీయ ముఠా, మనకేం సంబంధం అనుకునేవారికి ఇంకో ఉదాహరణ ఉంది. మోడ్ చేసిన స్విచ్‌లు, మోడ్‌చిప్‌లు అమ్ముతున్న ఒక మిషిగన్‌వాసిపై నింటెండో 2024లో దావా వేసింది. మరుసటి ఏడాది అది 20 లక్షల డాలర్ల చెల్లింపుతో ముగిసింది. అతనిది ముఠా కాదు, చిన్న ఆన్‌లైన్ దుకాణం.

విద్యార్థులకు ఒక మాట

ఈ సంపాదకీయం రాయాల్సిన అవసరం ముఖ్యంగా ఇక్కడే వచ్చింది. మాస్టర్స్ చదవడానికి వచ్చిన మన పిల్లల్లో చేతిలో పని ఉన్నవాళ్లు ఎందరో. సోల్డరింగ్ వచ్చు, లినక్స్ వచ్చు, వీడియో ఒకటి చూస్తే ఏ పనైనా నేర్చుకుంటారు. అద్దె కట్టాలి, ఇంటి దగ్గర బ్యాంకులో లోను ఉంది, క్యాంపస్‌లో పని దొరకడం లేదు. ఆ సమయంలో అపార్ట్‌మెంట్ వాట్సాప్ గ్రూపులో ‘స్విచ్ మోడ్ చేసి ఇస్తాను, ఆటలు నింపి ఇస్తాను’ అని ఒక సందేశం పెట్టడం ఎంతో తేలిక. నలుగురు ‘అన్నా, నాది కూడా’ అంటారు. జెల్లెలో యాభయ్యో ఎనభయ్యో వచ్చి పడతాయి. చేసింది దొంగతనం అనిపించదు. సాటి తెలుగువాళ్లకు సాయం చేసినట్లే ఉంటుంది.

కానీ ఆ ఒక్క సందేశంలో రెండు ప్రమాదాలున్నాయి. ఒకటి, డబ్బు తీసుకున్న క్షణం నుంచి అది లాభం కోసం తాళం తెరిచిన పని. పైన చెప్పిన క్రిమినల్ సెక్షన్ సరిగ్గా దాని గురించే రాసింది. రెండు, ఎఫ్-1 వీసా మీద ఉన్నవారు అనుమతి లేకుండా సంపాదించే పని చేస్తే అది స్టేటస్ ఉల్లంఘన. సీపీటీ, ఓపీటీ కాగితాల్లో లేని ఆదాయం జెల్లె ఖాతాలో తేదీలతో సహా ఉంటుంది. వాట్సాప్ సందేశం స్క్రీన్‌షాట్‌గా ఎక్కడికైనా వెళ్లగలదు. నేరం రుజువైతే ఆ మచ్చ వీసా ఇంటర్వ్యూలో, హెచ్-1బీ దరఖాస్తులో, గ్రీన్‌కార్డు ఫారంలో వెంటాడుతుంది. ఏ నేరానికి వీసాపై ఎంత ప్రభావం ఉంటుందో ఇమ్మిగ్రేషన్ లాయరే చెప్పాలి. ఎనభై డాలర్ల కోసం ఆ లాయరు గడప తొక్కే పరిస్థితి తెచ్చుకోవడం మాత్రం తెలివైన లెక్క కాదని చెప్పడానికి లాయరు అక్కర్లేదు. ఆ పిల్లల చదువు కోసం ఊళ్లో పొలం తాకట్టు పెట్టిన తల్లిదండ్రులు గుర్తుంటే చాలు.

కుటుంబాలకూ ఇదే హెచ్చరిక. ఇంట్లో ఇంటర్నెట్ కనెక్షన్ ఎవరి పేరున ఉందో చూసుకోండి. టొరెంట్‌తో దించుకునేటప్పుడు మన ఐపీ అడ్రస్ అవతలివారందరికీ కనిపిస్తుంది. కాపీరైట్ నోటీసు వస్తే తండ్రి పేరునో తల్లి పేరునో వస్తుంది, పదమూడేళ్ల పిల్లవాడి పేరున కాదు. ఉచిత ఆటల పేరుతో వచ్చే ఫైళ్లలో మాల్‌వేర్ ఉంటే అది కన్సోల్‌కంటే ముందు దించుకున్న కంప్యూటర్‌ను పట్టుకుంటుంది. ఆ కంప్యూటర్ మీ ఆఫీసు ల్యాప్‌టాప్ అయితే సోమవారం ఉదయం మీరు సమాధానం చెప్పాల్సింది మీ సెక్యూరిటీ టీమ్‌కు.

సెకండ్ హ్యాండ్ కొనేవారికి ఇంకో చిక్కు. ఒక్కో కన్సోల్‌కు లోపల తనదైన డిజిటల్ గుర్తింపు ఉంటుంది. దొంగ ఆటలు నడిపినట్లు తేలితే నింటెండో ఆ యంత్రాన్నే తన ఆన్‌లైన్ సేవల నుంచి వెలివేస్తుంది. శిక్ష యంత్రం మీద పడుతుంది, దాన్ని మార్చిన మనిషి మీద కాదు. అతను నిషేధం పడ్డాక చవగ్గా అమ్మేసి వెళ్లిపోతాడు. పుట్టినరోజుకు పిల్లవాడి కోసం దాన్ని కొన్న మనం ఇరుక్కుంటాం. 2025 మేలో నింటెండో అమెరికాలో తన వినియోగదారుల ఒప్పందాన్ని మార్చింది. నిబంధనలు మీరితే యంత్రాన్ని పూర్తిగాగానీ కొంతమేరగానీ శాశ్వతంగా పనికిరాకుండా చేయగలమని అందులో రాసుకుంది. మరుసటి నెలలో స్విచ్ 2 బజారులోకి వచ్చింది.

సంస్థలు కూడా నీతులు చెప్పే స్థితిలో లేవు

ఇంతవరకు చదివి, ఇది సంస్థల తరఫు వకాల్తా అనుకుంటే పొరపాటు. పిల్లవాడి ప్రశ్నలో సగం న్యాయం ఉంది. ఆ సగాన్ని మనం గుర్తించకపోతే మిగతా సగం వాడు వినడు.

డబ్బు పెట్టి కొన్నవాడికి సంస్థలు ఏం మిగిల్చాయో చూడండి. వీ యంత్రానికి ఆటలు అమ్మిన ఆన్‌లైన్ దుకాణాన్ని నింటెండో 2019 జనవరి 30న మూసేసింది. త్రీడీఎస్, వీ యూ దుకాణాలను 2023 మార్చి 27న మూసేసింది. ఆ దుకాణాల్లో మాత్రమే దొరికిన ఆటలను ఇవాళ డబ్బు పట్టుకుని వెళ్లినా కొనుక్కోలేం. సోనీ 2010 ఏప్రిల్‌లో ఒక అప్‌డేట్ పంపి, ప్లేస్టేషన్ 3లో లినక్స్ నడుపుకొనే సౌకర్యాన్ని తీసేసింది. ఆ సౌకర్యం ఉందని చెప్పి అమ్మిన పెట్టె అది. యూబీసాఫ్ట్ 2024 మార్చి 31న ‘ది క్రూ’ అనే కార్ల ఆట సర్వర్లు ఆపేస్తే, దాన్ని కొన్నవాళ్లు ఒంటరిగా కూడా ఆడుకోలేని స్థితి వచ్చింది. బియ్యం బస్తా కొని ఇంట్లో పెట్టుకున్నాక కొట్టువాడు వచ్చి పట్టుకుపోతే మనం ఊరుకుంటామా?

ఈ అన్యాయానికి ఒక రుజువు చట్టంలోనే ఉంది. కాలిఫోర్నియా 2024లో ఒక చట్టం చేసింది. 2025 జనవరి 1 నుంచి అమల్లో ఉంది. డిజిటల్ వస్తువును ‘కొనండి’ అని చూపించి అమ్మేటప్పుడు, మీకు దక్కుతున్నది సొంతదారు హక్కు కాదని, లైసెన్సు మాత్రమేనని స్పష్టంగా చెప్పాలని దాని సారాంశం. అంటే ఇన్నాళ్లూ చెప్పలేదనే కదా అర్థం.

ఇక పాత ఆటల సంగతి మరీ దారుణం. వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ 2023లో చేసిన అధ్యయనం ప్రకారం, 2010కి ముందు అమెరికాలో విడుదలైన ఆటల్లో 87 శాతం ఇప్పుడు బజారులో లేవు. పరిశోధకులు లైబ్రరీకి రాకుండానే ఆ ఆటలను దూరం నుంచి చూసి అధ్యయనం చేసే వీలు కల్పించమని అడిగితే 2024 అక్టోబరులో కాపీరైట్ ఆఫీసు కాదంది. తొలినాళ్ల తెలుగు సినిమాల్లో చాలావాటి ప్రింట్లు నేడు లేవని మనం బాధపడుతుంటాం. దాచుకునే అవకాశం ఉన్నప్పుడు దాచనివ్వకపోతే ఆటలకూ అదే గతి పడుతుంది. మూతపడ్డ దుకాణంలోని ఆటను ఎక్కడో ఒకచోట భద్రపరిచినవాణ్నీ, నిన్న విడుదలైన ఆటను ఉచితంగా ఊడ్చుకున్నవాణ్నీ ఒకే గాటన కట్టే చట్టం న్యాయమైన చట్టం కాదు.

అయితే నిజాయితీగా మాట్లాడుకుందాం. బేస్‌మెంట్‌లో ఉన్న ఆ స్విచ్‌లో ఉన్నవి బజారులో దొరకని ఆటలేనా? కావు. ఈ నెల వచ్చినవి, ఈ వారం వాల్‌మార్ట్ అరలో ఉన్నవి. కొట్టు మూసి తాళంచెవి పారేసినచోట గోడ దూకడం గురించి వాదించుకోవచ్చు. కొట్టు తెరిచి, మనిషి కూర్చుని ఉన్నచోట గోడ దూకడానికి భద్రపరచడం అనే పెద్ద పేరు పెట్టకూడదు.

ఆ కొట్టులో కూర్చున్న మనిషి ఎవరన్నది కూడా చూడాలి. నింటెండో ఆఫ్ అమెరికా ప్రధాన కార్యాలయం వాషింగ్టన్ రాష్ట్రంలోని రెడ్‌మండ్‌లో ఉంది. ఎక్స్‌బాక్స్ తయారు చేసే మైక్రోసాఫ్ట్ ప్రధాన కార్యాలయమూ ఆ ఊళ్లోనే. ఆ చుట్టుపక్కల ఎన్ని తెలుగు కుటుంబాలున్నాయో మనకు తెలియనిది కాదు. ఎలక్ట్రానిక్ ఆర్ట్స్‌కు హైదరాబాద్‌లో స్టూడియో ఉంది. ఆటల వెనక రాత్రులు మేలుకుని బగ్గులు సరిచేసేది మన అన్నదమ్ములు, అక్కచెల్లెళ్లే కావచ్చు. అంతకన్నా ముఖ్యంగా, మన సమాజంలో అత్యధికుల ఇంటికి జీతం తెచ్చేది కోడే. చేత్తో పట్టుకోలేని వస్తువుకూ విలువ కట్టి డబ్బు ఇస్తారన్న నమ్మకం మీదే మన మార్టిగేజీలు నడుస్తున్నాయి. పగలు ఆ నమ్మకం మీద బతికి, సాయంత్రం ‘అది ఉత్త ఫైలే కదా’ అని పిల్లలతో అంటే ఆ మాట మనకే తగులుతుంది.

మరి ఏం చేయాలి?

వద్దు అని చెప్పి ఊరుకుంటే చాలదు, దారి చూపాలి. ఆటల ధరలు పెరిగిన మాట నిజమే. 2025 జూన్‌లో వచ్చిన ‘మారియో కార్ట్ వరల్డ్’ ధర 80 డాలర్లు. నెలకొకటి కొనడం ఏ ఇంటికీ సాధ్యం కాదు, అక్కర్లేదు కూడా. మీ ఊరి పబ్లిక్ లైబ్రరీకి వెళ్లి అడగండి. పుస్తకాల్లాగే ఆటల కార్ట్రిడ్జ్‌లు అరువిచ్చే లైబ్రరీలు అమెరికాలో చాలా ఉన్నాయి. కార్ట్రిడ్జ్ కొంటే ఆడాక అమ్ముకోవచ్చు, పక్కింటివాళ్లతో మార్చుకోవచ్చు. ఆన్‌లైన్‌లో దించుకున్న ఆటకు ఆ సుఖం లేదు. పాత నింటెండో ఆటల కోసమైతే ఏడాదికి 34.99 డాలర్ల ఫ్యామిలీ చందాలో ఎనిమిది ఖాతాల వరకు వాడుకోవచ్చు. అందరూ చిన్నప్పుడు కేసెట్‌లో ఆడిన మారియో అందులో ఉంది. సెకండ్ హ్యాండ్ యంత్రం కొంటుంటే డబ్బు చేతిలో పెట్టకముందే అక్కడికక్కడ ఆన్‌లైన్ దుకాణంలోకి వెళ్లి చూడండి. లోపలికి రానివ్వకపోతే ఎంత చవకైనా వదిలేయండి.

ఇక విప్పి చూడాలని ఉబలాటపడే పిల్లల విషయం. ఆ ఉబలాటాన్ని చంపవద్దు. గుర్రం పేరుతో వీ తాళం తెరిచినవాళ్లలో ఉన్న కుతూహలమే రేపు మంచి సెక్యూరిటీ ఇంజినీరును తయారు చేస్తుంది. తాళమే లేని యంత్రాన్ని వాళ్ల చేతికి ఇవ్వండి. రాస్ప్‌బెర్రీ పై బోర్డు ఒకటి కొనిస్తే దాన్ని ఎన్నిసార్లు విప్పినా, పాడుచేసినా, మళ్లీ లేపినా ఎవరూ అడగరు. జీబీ స్టూడియో అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌తో పాత గేమ్ బాయ్ తరహా ఆటను పిల్లలే తయారు చేయవచ్చు. కాస్త పెద్దవాళ్లయితే గోడో ఇంజిన్ ఉంది, అదీ ఉచితమే. వందల దొంగ ఆటలున్న స్నేహితుడి స్విచ్ కన్నా, తాతయ్య ఊరి చెరువు గట్టు మీద నడిచే ఒక్క చిన్న ఆట సొంతంగా చేసిన పిల్లవాడికి వచ్చే పాట్‌లక్‌లో గౌరవం ఎక్కువ. వారాంతపు తెలుగు బడులు, సంఘాలు వేసవిలో ఇలాంటి శిబిరం ఒకటి పెడితే పద్యాల పోటీ పక్కన అది కూడా అందంగానే ఉంటుంది.

పెద్దవాళ్లు చేయదగ్గ పని మరొకటి ఉంది. 1201వ సెక్షన్ మినహాయింపుల సమీక్ష మూడేళ్లకోసారి జరుగుతుంది. 2024 తర్వాతది 2027లో. ఆ సమయంలో కాపీరైట్ ఆఫీసుకు ఎవరైనా తమ అభిప్రాయం రాసి పంపవచ్చు. మూతపడిన దుకాణాల ఆటలను లైబ్రరీలు భద్రపరిచి చూపించే వీలుండాలని, కొన్న యంత్రాన్ని బాగుచేసుకునే హక్కు డిస్క్ డ్రైవ్ దగ్గరే ఆగిపోకూడదని రాయడానికి మనకంటే అర్హులు ఎవరు? తాళాల గురించీ తెలిసినవాళ్లం, కోడ్ విలువా తెలిసినవాళ్లం. చట్టం బాగోలేదని బేస్‌మెంట్‌లో గొణుక్కోవడంకన్నా రెండు పేజీలు రాసి పంపడం మేలు.

కారు వెనక సీటు నుంచి ఆ ప్రశ్న మళ్లీ వస్తుంది. అప్పుడు ఇలా చెప్పి చూడండి: ‘‘మనది అలా చేయించం నాన్నా. నేను నీ వయసులో అలాంటి కేసెట్లే ఆడాను, అప్పుడు నాకు తెలియదు. ఇప్పుడు తెలుసు. అమ్మా నేనూ కోడ్ రాసే ఈ ఇల్లు నడుపుతున్నాం. వాళ్లూ మాలాగే రాసి అమ్ముకుంటున్నారు. కొన్న ఆటను మన దగ్గర్నుంచి లాక్కుంటే మాత్రం అడుగుదాం, ఇద్దరం కలిసి లెటర్ రాద్దాం. రేపు లైబ్రరీకి వెళ్లి ఏ ఆటలున్నాయో చూద్దాం పద.’’

వాడు వెంటనే ఒప్పుకోకపోవచ్చు. కాసేపు ముఖం ముడుచుకుంటాడు కూడా. కానీ ఈసారి వాడికి దక్కింది దాటవేత కాదు, జవాబు. అది గుర్తుంటుంది.